ఇంటర్వెల్ దాకా విధేయత

రాష్ట్ర కొబ్బరి పీచు ఉత్పత్తుల అభివృద్ధి సంస్థ పుట్టిన రోజు నుంచీ నష్టాల్లోనే ఉంది. ఇందులో ఎవరినీ తప్పు పట్టడానికి లేదు. పీచు మంచిదే, పనివాళ్లు మంచివాళ్లే, కాకినాడ గాలి కూడా మంచిదే. అయినా సంస్థ తాడు పేనితే తెగేది, బ్రష్షు చేస్తే వారానికి బట్టతల అయ్యేది. పీచుతో జపానువాళ్లు ఏం చేస్తారో చూసి రమ్మని ప్రభుత్వం ఎం.డి. గంధర్వరావుగారిని ఆ దేశం పంపింది. ఆయన దిగిన గడియ నుంచీ అక్కడ ముసురు పట్టుకుంది. గొడుగు పట్టే అటెండరు లేని దేశంలో వీధిలోకి వెళ్లడం ఆయన హోదాకు కుదరలేదు. హోటల్ గదిలో టీవీ ముందు కూర్చున్నారు. ఆ టీవీలో ఎప్పుడు పెట్టినా యాకూజా సినిమాలే.

యాకూజా అంటే జపాను దొంగల ముఠాలు. ఒక్కో ముఠాకూ ఒక పెద్దాయన ఉంటాడు. ఆయన గిన్నెలో సారా సగం తాగి ఇస్తే, మిగిలింది తాగినవాడు ఆయనకు కొడుకైపోతాడు. ఆ తర్వాత పెద్దాయన కాకి తెల్లగా ఉందంటే తెల్లగా ఉన్నట్టే. పొరపాటు చేసినవాడు తన చిటికెన వేలు తనే కోసుకుని, తెల్లగుడ్డలో చుట్టి, పెద్దాయన ముందు పెట్టి నేలకు వంగుతాడు. పెద్దాయన చేసిన నేరం తన నెత్తినేసుకుని జైలుకు పోతాడు, అదీ ఇష్టంగా. ఇదంతా చూసి గంధర్వరావుగారికి కళ్లు చెమర్చాయి. ఆయన సర్వీసంతటిలో ఆయన పొరపాటును ఏ గుమాస్తా కూడా ఇష్టంగా నెత్తినేసుకోలేదు. ప్రతిసారీ ఆయనే పట్టుకుని రుద్దాల్సి వచ్చేది.

ఒక్కటే చిక్కు. గంధర్వరావుగారికి ఏ సినిమా అయినా సగానికి వచ్చేసరికి నిద్ర పట్టేస్తుంది. సమీక్షా సమావేశాల్లో అలవాటైన నిద్ర, మనిషిని వదిలిపెట్టదు. అందుకని జపానులో ఆయన చూసినవన్నీ సగం సినిమాలే. అన్నీ విధేయత దగ్గరే ఆగిపోయాయి.

తిరిగొచ్చాక సిబ్బందినందర్నీ హాల్లోకి పిలిపించి చెప్పారు. "మన సంస్థకు లోపం పీచులో లేదు. మనలో ఉంది. ఇవాళ్టి నుంచి మనం ఆఫీసు కాదు, కుటుంబం."

వెనక వరసలో నిలబడ్డ పుండరీకాక్షుడికి ఆ మాట బాగానే అనిపించింది. అతను అమ్మకాల విభాగానికి సూపరింటెండెంటు. అమ్మకాలు లేవు కాబట్టి తీరిగ్గా ఉండేవాడు. ఎప్పుడో ఒకసారి ప్రొజెక్టరు ప్లగ్గు బాగుచేసిన పాపానికి ప్రొజెక్టరు బాధ్యత కూడా అతని మెడకే చుట్టుకుంది. ఇన్నేళ్లలో ఆ ఆఫీసులో అతన్ని "అన్నం తిన్నావా" అని అడిగినవాడు లేడు.

ఎం.డి. గారి ఆశయాన్ని కాగితం మీద పెట్టే పని పర్సనెల్ మేనేజర్ హయగ్రీవానిది. ఏ ఎండకా గొడుగు పట్టడంలో ఆయన్ని మించినవాడు జిల్లాలో లేడు. పైగా ఆయన నోరు తెరిస్తే సర్క్యులరే వస్తుంది. ఇంట్లో భార్యను మంచినీళ్లడిగినా "తక్షణ చర్య నిమిత్తము" అంటాడని చెప్పుకుంటారు.

"ప్రభుత్వ కార్యాలయ ప్రాంగణమందు మద్యము నిషిద్ధము కావున, తత్స్థానమున లేత కొబ్బరి బొండాము వినియోగింపబడును," అని చదివాడు హయగ్రీవం. "ఎం.డి. గారు అర్ధభాగము సేవించిన పిమ్మట, శేషభాగమును ఉద్యోగి సేవించి కుటుంబ సభ్యుడగును."

"ఎంగిలండీ బాబూ!" అన్నాడు అటెండరు నూకరాజు. "మా సొంత అన్నయ్య తాగిందే నేను ముట్టను. ఆయ్."

"ఎంగిలి అను పదము సర్వీసు రూల్సునందు ఎచ్చటను నిర్వచింపబడలేదు."

యూనియన్‌వాళ్లు మర్నాడు ధర్నాకు కూర్చున్నారు. సాయంత్రానికి చర్చలు ఫలించాయి. బొండాం ఒకటే, స్ట్రాలు రెండు. ఎం.డి. గారి స్ట్రా ఎర్రది, ఉద్యోగి స్ట్రా తెల్లది. ఎర్ర స్ట్రా ఉండగా తెల్ల స్ట్రా బొండాంలోకి దిగరాదు.

పుండరీకాక్షుడి వంతు వచ్చినప్పుడు గంధర్వరావుగారు అతని భుజం మీద చెయ్యి వేశారు. "నువ్వు నా కొడుకువయ్యా పుండరీకం," అన్నారు. ఇద్దరికీ వయసులో రెండేళ్లే తేడా. అయినా ఆ చెయ్యి పుండరీకాక్షుడికి తండ్రి చెయ్యంత బరువుగా తోచింది. నవ్వాల్సిన చోట ఏడుపు వచ్చినందుకు సిగ్గుపడుతూనే బొండాం అడుగంటా తాగేశాడు. మిగతావాళ్లు తాగినట్టు నటించారుగానీ అతను నిజంగానే తాగాడు.

ప్రతి శనివారం మధ్యాహ్నం హాల్లో యాకూజా సినిమా వెయ్యడం మొదలైంది. సినిమా సగానికి వచ్చేసరికి ముందు వరసలో గంధర్వరావుగారి తల ఛాతీ మీదికి వాలేది. హయగ్రీవం చెయ్యెత్తేవాడు, పుండరీకాక్షుడు ప్రొజెక్టరు ఆపేవాడు. "ఎం.డి. గారు మెలకువగా ఉన్న భాగము మాత్రమే అధికారిక చిత్రముగా పరిగణింపబడును. తక్కిన భాగము పరిపాలనా దృష్ట్యా అనవసరము," అని సర్క్యులర్. జనం కూడా పోనీలే, తొందరగా ఇంటికెళ్లొచ్చని ఊరుకునేవాళ్లు.

ప్రొజెక్టరు, పెన్‌డ్రైవు భద్రంగా ఇంటికి తీసుకెళ్లే బాధ్యత పుండరీకాక్షుడిది. ఇంట్లో అతని భార్య సుభాషిణి ఉంది. సగం సినిమా చూసి లేచిపోవడం ఆమె వంశంలో లేదు. మొదటి శనివారమే భర్త చేత గోడకు దుప్పటి కట్టించి, మిగతా సగం వేయించింది. ఆ తర్వాత ప్రతి శనివారం అదే వరస.

మిగతా సగంలో ఏముందంటే, పెద్దాయన కొడుకుల్ని అమ్మేస్తాడు. తన కోసం జైలుకెళ్లిన వాణ్ణి శత్రువుతో రాజీ కోసం తాకట్టు పెడతాడు. ఏరు దాటాక తెప్ప తగలేసినట్టే. ఒక సినిమాలో కాదు, అన్నింట్లోనూ అంతే. ఆఖర్న ఆ కొడుకు ఒక్కడే కత్తి పట్టుకుని, వానలో నడుచుకుంటూ పెద్దాయన ఇంటికి వస్తాడు.

"ఆ బట్టతలాయన నమ్మకద్రోహి అని గిన్నె ఇచ్చేటప్పుడే చెప్పాను కదండీ," అనేది సుభాషిణి, శనగలు నములుతూ. "మనిషి నవ్వుతున్నాడుగానీ కళ్లు నవ్వడంలేదు."

పుండరీకాక్షుడు మాత్రం సినిమా వేరు, ఆఫీసు వేరు అనుకునేవాడు.

అంతలో వేళ్ల సంగతి వచ్చింది. ఒక శనివారం తెర మీద ఒకడు వేలు కోసుకున్నాడు. గంధర్వరావుగారు కుర్చీలోంచి లేచి నిలబడ్డారు. "అదీ బాధ్యత అంటే! మన దగ్గర మెమో ఇస్తే వివరణ ఇస్తారు. వేలు ఎవడిస్తాడు?"

హయగ్రీవం వారం రోజులు రూల్సు పుస్తకాలు తిరగేశాడు. ఉద్యోగి అవయవాలను ఛేదించే అధికారం సంస్థకు ఎక్కడా కనపడలేదు. కానీ గుమ్మం దగ్గర హాజరు మిషను కనపడింది. అందులో ప్రతి ఉద్యోగివీ పది వేళ్లూ నమోదై ఉన్నాయి.

"పొరపాటు చేసిన ఉద్యోగి యొక్క ఒక వేలు మిషను నుండి రద్దు చేయబడును. ఇది శిక్ష కాదు. ఉద్యోగి స్వచ్ఛందముగా తెల్ల రుమాలులో దరఖాస్తు చుట్టి సమర్పించవలెను. పది వేళ్లును రద్దయినవాడు సంస్థను వదిలి వెళ్లినట్లు భావింపబడును."

"కుర్చీలో కూర్చునే ఉంటాను కదండీ?" అన్నాడు నూకరాజు.

"భావింపబడును," అన్నాడు హయగ్రీవం.

మొదట్లో అందరూ నవ్వుకున్నారు. ఆలస్యంగా వస్తే చిటికెన వేలు. ఫైలు పోతే ఉంగరం వేలు. ఒకటి పోతే ఇంకా తొమ్మిదున్నాయి కదా అని ధీమా. కానీ హయగ్రీవం అంతటితో వదిలే మనిషి కాదు. రద్దయిన వేలు అధికారికంగా లేదు కాబట్టి దానితో ఆఫీసు పని చేయరాదని ఇంకో సర్క్యులర్ తీశాడు. పొరపాటున వాడకుండా ఉండేందుకు దాని మీద ప్లాస్టరు వేసుకోవాలి. భోజనం వ్యక్తిగత కార్యం కనుక దానికి మినహాయింపు ఇచ్చారు.

ఇక చూడాలి తమాషా. వేళ్లు తగ్గినకొద్దీ పని నెమ్మదించింది. పని నెమ్మదించినకొద్దీ పొరపాట్లు పెరిగాయి. పొరపాట్లు పెరిగినకొద్దీ వేళ్లు పోయాయి. టైపిస్టు ఒక్క ఉంగరం వేలితో ఉత్తరం కొడుతుంటే అది పూర్తయ్యేసరికి అందుకోవాల్సిన అధికారి రిటైరయ్యేవాడు. ఎమ్మేలు చదివినవాళ్లు కలం పట్టలేక, మిగిలిన బొటనవేలితో సంతకాల చోట వేలిముద్రలు వేస్తున్నారు. గోటితో పోయేదానికి గొడ్డలి వాడడమంటే విన్నాంగానీ, ఇక్కడ గోళ్లే ఒక్కొక్కటిగా సెలవు తీసుకున్నాయి.

పైగా అదొక గౌరవమైపోయింది. వేళ్లు తక్కువున్నవాడు కుటుంబంలో పెద్ద కొడుకు. హయగ్రీవం చెయ్యని తప్పులకు కూడా క్షమాపణ చెప్పుకుని, అందరికంటే ముందే ఒక్క వేలి మీదికి వచ్చేశాడు. ఆ రుమాళ్లన్నీ ఎం.డి. గారి గదిలో అద్దాల బీరువాలో పెట్టారు.

పుండరీకాక్షుడి సొంత తప్పులు తక్కువే. అతని వేళ్లన్నీ పెద్దాయనకే పోయాయి. ఎం.డి. హోదాకు హాజరు మిషను వర్తించదు కాబట్టి గంధర్వరావుగారి వేళ్లు అందులో నమోదు కాలేదు. నమోదు కాని వేళ్లను రద్దు చెయ్యడం సాంకేతికంగా సాధ్యం కాదు. అందుకని ఆయన ఉపన్యాసంలో ఒకే పేజీ రెండుసార్లు చదివినప్పుడు, కేరళకు వెళ్లాల్సిన కొటేషను కాశ్మీరుకు పంపినప్పుడు, కలెక్టరుగారిని వేరే కలెక్టరు పేరుతో పిలిచినప్పుడు, ప్రతిసారీ రుమాలు పట్టుకుని వెళ్లింది పుండరీకాక్షుడే. చివరికి అతనికి కుడిచేతి బొటనవేలు, చూపుడువేలు మిగిలాయి.

"ఉన్నవన్నీ ఆఫీసుకిచ్చేస్తే రేపు నాకు కొబ్బరికాయ ఎవరు కొట్టిపెడతారండీ?" అంది సుభాషిణి, ప్లాస్టర్లు చూసి.

"కొబ్బరికాయ వ్యక్తిగతమే," అన్నాడు పుండరీకాక్షుడు నీరసంగా.

గంధర్వరావుగారికీ పైన ఒక పెద్దాయన ఉన్నాడు. శాఖ మంత్రిగారు. ఆయన పట్ల విధేయత చాటుకోవాలని ఎం.డి. గారికి ఒక ఆలోచన తట్టింది. మంత్రిగారి ముఖం వేసిన కొబ్బరి పీచు డోర్‌మ్యాట్లు, ప్రతి గుమ్మానికీ ఒకటి. బొమ్మ గియ్యడంలో తనకు చెయ్యి తిరిగిందని గంధర్వరావుగారికి గట్టి నమ్మకం. పెన్సిలు పట్టుకుని స్వయంగా గీశారు. పుండరీకాక్షుణ్ణి పిలిచి చూపించారు.

"ఎలా ఉందయ్యా?"

"మీసం అచ్చుగుద్దినట్టు దిగిందండి. కానీ... డోర్‌మ్యాట్ మీద కాళ్లు తుడుచుకుంటారు కదండీ."

"ఎవరు?"

"వచ్చినవాళ్లందరూనండి."

గంధర్వరావుగారు కిటికీలోంచి బయటికి చూశారు. గోడ మీద కాకి ఉంది. "ఆ కాకి ఏ రంగు పుండరీకం?"

"తెల్లగా ఉందండి."

"మరి?"

సలహా ఇచ్చిన నేరానికి పుండరీకాక్షుడి చూపుడువేలు పోయింది. ఇక మిగిలింది బొటనవేలు. అది మిషను మీద పెడితే ఉద్యోగం ఉన్నట్టు, పెట్టకపోతే లేనట్టు. ఆ మర్నాడే రంగులు కలపడానికి ఆ బొమ్మ, ఆ రోజు తేదీ వేసుకుని, ఫ్యాక్టరీకి వెళ్లింది.

ప్రారంభోత్సవం రోజున వాన పడింది. షామియానా ముందంతా బురద. మంత్రిగారు కారు దిగి, బురద తొక్కుకుంటూ వచ్చి, గుమ్మంలో పరిచిన డోర్‌మ్యాట్ మీద రెండు బూట్లూ శుభ్రంగా తుడుచుకున్నారు. మనిషి పరిశుభ్రత పాటించేవారు, ఎడమ బూటు మడమ కూడా తుడిచారు. తర్వాత కిందికి చూశారు. తన మీసం మీద తన బురదే ఉంది. వెనకాల వస్తున్న కలెక్టరుగారు సమయస్ఫూర్తితో ఎగిరి అవతలికి దూకారు. ఆయన వెనక డి.ఆర్.వో. కూడా దూకబోయి, దూకలేక, ముక్కు మీద కాలేశారు. ఫొటోగ్రాఫర్లు ఏమీ వదల్లేదు.

మర్నాడే విచారణ వేశారు. బొమ్మ గీసిందెవరో తేల్చమన్నారు. గంధర్వరావుగారు పుండరీకాక్షుణ్ణి గదిలోకి పిలిచి, స్వయంగా లేచి తలుపు వేశారు.

"కుటుంబం నీ బొటనవేలు అడుగుతోందయ్యా," అన్నారు. కళ్లల్లో నిజంగానే నీళ్లు తిరిగాయి. "ఆ బొమ్మ నేనే గీశాను, ఎం.డి. గారికి తెలీదు అని చెప్పు. ఆర్నెల్లు ఓపిక పట్టు. గొడవ సద్దుమణగ్గానే మేనేజర్‌ని చేసి వెనక్కి తెచ్చుకుంటాను. మీ ఇంటి సంగతి నేను చూసుకుంటాను."

భుజం మీద చెయ్యి వేశారు. ఆ చెయ్యి ఇప్పుడూ బరువుగానే ఉంది.

ఇంటికొచ్చి చెబితే సుభాషిణి చేతిలో గరిటె అలాగే ఆగిపోయింది. "ఆర్నెల్లు ఓపిక పట్టు, మీ ఇంటి సంగతి నేను చూసుకుంటాను. మొన్నటి సినిమాలో ఆ బట్టతలాయన అన్నదీ ఇదేనండీ. అక్షరం పొల్లుపోలేదు."

"మా ఎం.డి. గారు అలాంటివారు కాదే. పాపం కళ్లమ్మట నీళ్లు పెట్టుకున్నారు."

"ఆయనా పెట్టుకున్నాడు. మీ ఎం.డి. గారు సెకండ్ హాఫ్ చూళ్లేదు కాబట్టి తెలీకుండానే చేసేస్తారు. అంతే తేడా."

పుండరీకాక్షుడికి ఆ రాత్రి అన్నం సయించలేదు. ఉద్యోగం పోతుందన్న భయం ఒక వంక, బొండాం అడుగంటా తాగానన్న మాట ఒక వంక. తాగకుండా నటించినవాళ్లంతా హాయిగా నిద్రపోతుంటారని కోపం కూడా వచ్చింది.

పొద్దున్న ఆఫీసుకు వెళ్లేసరికి నూకరాజు టేపు పట్టుకుని అతని కుర్చీ ఎత్తు కొలుస్తున్నాడు.

"ఏంట్రా ఇది?"

నూకరాజు మొహం మాడిపోయింది. "ఎం.డి. గారు కొలతలు తెమ్మన్నారండి. ఆయన తోడల్లుడి కొడుకు సోమవారం నుంచి ఈ సీట్లోకి వస్తన్నాడంటండి. మనిషి బాగా పొడుగంట. కుర్చీకి కోళ్లు పెంచాలంట." టేపు మళ్లీ చాపుతూ అన్నాడు, "ఆయ్. నేను కొలతలు తప్పు రాసుకుంటాలెండి."

నూకరాజు కొలిచినంతసేపూ పుండరీకాక్షుడు పక్కన నిలబడ్డాడు. అతనికి బాధేసింది. మోసం జరిగినందుకు కాదు. ఇంత తొందరగా జరిగినందుకు. జపాను పెద్దాయన కనీసం వీడు జైలుకు వెళ్లేదాకా ఆగాడు.

విచారణాధికారిణి ఇందుమతిగారు హాల్లో బల్ల వేయించుకుని కూర్చున్నారు. సిబ్బందంతా ఎదురుగా ఉన్నారు. గంధర్వరావుగారు పక్క కుర్చీలో, కర్చీఫుతో నుదురు తుడుచుకుంటూ ఉన్నారు. బల్ల మీద బురద ఆరిన డోర్‌మ్యాట్ ఉంది.

"ఈ రూపకల్పనకు బాధ్యులెవరో ముందుకు వచ్చి వాంగ్మూలమివ్వవలసిందిగా కోరడమైనది," అన్నారామె.

పుండరీకాక్షుడు తెల్ల రుమాలు పట్టుకుని లేచాడు. "నేనేనండి."

గంధర్వరావుగారు హమ్మయ్య అని ఊపిరి వదిలారు.

"మీరే గీశారా?"

"గీసింది నువ్వే అని ఎం.డి. గారన్నారండి. కాబట్టి నేనే గీశాను. ఆయన కాకి తెల్లగా ఉందంటే మాకు తెల్లగానే ఉంటుందండి. ప్రమాణం చేశాం."

ఇందుమతిగారు కళ్లజోడు సర్దుకున్నారు. "అయితే ఒకసారి గీసి చూపించండి."

"చిత్తం," అని పుండరీకాక్షుడు స్టాంపు ప్యాడు తెప్పించుకున్నాడు. బొటనవేలు అద్ది, తెల్లకాగితం మీద పెట్టాడు. ఊదారంగు ముద్ర పడింది.

"ఇది మంత్రిగారు కాదే!"

"కాదండి. కానీ నాకున్నది ఈ వేలొక్కటేనండి. మిగతా తొమ్మిదీ రద్దయ్యాయి. రద్దయిన వేళ్లతో ఆఫీసు పని చెయ్యకూడదని సర్క్యులర్ ఉంది. బొమ్మ మీదున్న తేదీకి కూడా నాకు ఇదొక్కటే ఉంది. ఒక్క బొటనవేలితో పెన్సిలు ఎలా పట్టుకున్నానో నాకే ఆశ్చర్యంగా ఉందండి. అయినా నేనే గీశాను."

ఇందుమతిగారు ముప్పై ఏళ్లుగా ప్రభుత్వ రూల్సు చదివిన మనిషి. వెర్రి రూలైనా సరే, సంతకం ఉన్న రూలు రూలే. ఆమె సర్క్యులర్ తెప్పించుకుని చదివారు. ఎం.డి. గారి సంతకం చక్కగా, గుండ్రంగా, అయిదు వేళ్లతో పట్టుకున్న కలంతో చేసినట్టు ఉంది.

"ఈ సంస్థలో పెన్సిలు పట్టుకొను అధికారిక సామర్థ్యము గలవారెవ్వరు? అందరూ చేతులు ఎత్తండి."

చేతులన్నీ లేచాయి. హాలంతా ప్లాస్టర్లే. ఒకడికి చిటికెన వేలు మిగిలింది, ఒకామెకు ఉంగరం వేలు, హయగ్రీవానికి ఎడమ బొటనవేలు. ఎత్తని చేతులు రెండే. అవి మెల్లిగా బల్ల కిందికి పోతున్నాయి.

"బయట పెట్టండి," అన్నారు ఇందుమతిగారు.

పది వేళ్లూ బయటికి వచ్చాయి. శుభ్రంగా, గోళ్లు కత్తిరించుకుని, ఒక్క ప్లాస్టరూ లేకుండా ఉన్నాయి.

హయగ్రీవం ఒక్క క్షణం కూడా ఆలస్యం చెయ్యలేదు. "కాకి నలుపు అని ఈ కార్యాలయము మొదటి నుండియు అభిప్రాయపడుచున్నది," అంటూ లేచి నిలబడ్డాడు. కొడుకులందరూ తలలూపారు.

సాయంత్రానికి గంధర్వరావుగారి సస్పెన్షను, హయగ్రీవానికి ఇన్‌ఛార్జి ఎం.డి. పదవి ఒకే కవరులో వచ్చాయి. హయగ్రీవం వేళ్ల పునరుద్ధరణ మహోత్సవం జరిపి, అందరి వేళ్లూ మిషనులోకి తిరిగి ఎక్కించాడు. తోడల్లుడి కొడుకు రానేలేదు. మర్నాడు హాల్లో కొత్త బొండాం ప్రత్యక్షమైంది. ఎర్ర స్ట్రా హయగ్రీవానిది. వరసలో నిలబడ్డ పుండరీకాక్షుడు, తనకు జలుబు చేసిందని చెప్పి తప్పుకున్నాడు.

ఆదివారం గంధర్వరావుగారు అతని ఇంటికి వచ్చారు. కారు లేదు, ఆటోలో వచ్చారు. చినుకులు పడుతున్నాయి, గొడుగు తనే పట్టుకున్నారు. గుమ్మంలో నిలబడి కాళ్ల కింద చూసుకుని, మామూలు గోనెపట్టా అని తేల్చుకున్నాక తుడుచుకున్నారు.

"నువ్వు నాకు ద్రోహం చేశావయ్యా," అన్నారు.

"ఎక్కడండీ? మీరు చెప్పమన్నదే చెప్పాను."

"అదే నాకు అంతుపట్టడంలేదు. నీ మీద ఒక్క మాటా పడకుండా... ఎక్కడ నేర్చుకున్నావు?"

"సెకండ్ హాఫ్‌లోనండి."

గంధర్వరావుగారు నోరు తెరిచారు. "వాటికి సెకండ్ హాఫ్ కూడా ఉందా?"

వచ్చి కుర్చీలో కూలబడ్డారు. పుండరీకాక్షుడికి ఆయన్ని తిట్టాలనీ ఉంది, పాపం అనీ ఉంది. ఈ మనిషి తన కుర్చీ కొలిపించాడన్నది ఎంత నిజమో, ఒకనాడు భుజం మీద చెయ్యి వేశాడన్నదీ అంతే నిజం. సుభాషిణి వచ్చినవారికి మర్యాదగా ఒక బొండాం కొట్టించి తెచ్చింది. గంధర్వరావుగారు ఆలోచనలో పడి సగం తాగారు. తాగి, అలవాటు కొద్దీ, మిగతాది పుండరీకాక్షుడి వైపు చాపారు. పుండరీకాక్షుడి పది వేళ్లూ, అవీ అలవాటు కొద్దీ, ముందుకు లేచాయి.

"అదిలా ఇవ్వండి అన్నయ్యగారూ," అంది సుభాషిణి. బొండాం అందుకుని, వాకిట్లో కరివేపాకు మొక్క మొదట్లో వంచేసింది. లోపలికొచ్చి గోడకు దుప్పటి కట్టింది. "నిద్రొస్తే చెప్పండి, కాఫీ పెడతాను. ఈ పూట మాత్రం మధ్యలో ఆపేది లేదు."

గంధర్వరావుగారు ఆ సాయంత్రం నిద్రపోలేదు. తెర మీద ఒకడు వానలో ఒంటరిగా నడిచి వస్తుంటే, కుర్చీలో కాళ్లు పైకి ముడుచుకుని కూర్చున్నారు.